అండాలు నంబరు

ఆ బస్తీలో నల్లాకి నీళ్లు రావాలంటే పొద్దున్నే ఫారం నింపి పంపాలి. సర్వర్ సరేనంటేనే నీళ్లు. ఫోన్ లేని ముసలివాళ్లకు ఫారాలు నింపిపెట్టేది ఆ బస్తీ పిల్ల అండాలే. ఫోన్ నంబరు గడి ఖాళీగా వదిలితే ఫారం కదలదు కాబట్టి, పాపం కదా అని, అందరి గడిలోనూ తన నంబరే కొట్టేది.

మొన్న ఆ ముసలివాళ్లలో మల్లవ్వ పోయింది. అలవాటు చొప్పున అండాలు మరణం ఫారంలోనూ తన నంబరే వేసి పంపింది. మర్నాడు ఆ నంబరున్న నల్లాలన్నీ ఆగిపోయాయి. సర్వర్ లెక్కలో వాళ్లంతా ఒక్క మనిషే, ఆ మనిషి చచ్చిపోయింది.

ముసలివాళ్లు ఖాళీ బిందెలతో అండాలు గుమ్మం ముందు చేరారు.

"నిన్నే నమ్ముకుంటిమి గదనే బిడ్డా, గిట్ల చేస్తివేంది?" అన్నాడు లింగయ్య.

అండాలు వెంటనే, బతికే ఉన్నామంటూ ఫారం నింపి పంపింది. జవాబు క్షణంలో వచ్చింది.

"ఏమన్నదే?"

"మనం సచ్చిపోయినందుకు శానా బాధపడుతున్నదంట, తాతా."

అండాలు లోపలికి వెళ్లి, తన ఖాళీ బిందె కూడా తెచ్చి వాళ్ల బిందెల పక్కన పెట్టింది.