అరువు నవ్వులు

స్టూడియో ఆఫీసు సొరుగులోని, ప్రేక్షకులకిచ్చే ఉచిత టికెట్ల కట్ట మోర్టీ కోటు జేబులోకి జారుకుంది. ఎవరూ చూడలేదు.

ఆదివారం సాయంత్రం న్యూయార్క్ టెలివిజన్‌లో ఆరు నిమిషాల పాటు మోర్టీ, లూ జంట హాస్యం. ఏళ్ళ తరబడి కొండ మీది హోటళ్ళలో, భోంచేసేవాళ్ళ ముందు నోరు నొప్పెట్టేలా జోకులు చెప్పిన జంట అది. ఈసారి కూడా జనం నవ్వకపోతే మామగారి బొచ్చుకోట్ల దుకాణంలో చేరిపోతానని లూ తేల్చి చెప్పేశాడు. అందుకే ఈ దొంగతనం.

టికెట్లు తీసుకెళ్ళి బ్రూక్లిన్‌లో ఉండే బెస్సీ పిన్ని చేతిలో పెట్టాడు మోర్టీ.

"మన చుట్టాలందర్నీ వెంటబెట్టుకుని రా పిన్నీ. నేను టై సర్దుకున్నప్పుడల్లా పగలబడి నవ్వాలి."

"నీ జోకులకా? మీ అమ్మే ఏనాడూ నవ్వలేదు కదరా!"

ఆదివారం వచ్చింది. కళ్ళు చెదిరే లైట్ల వెలుతురులో హాలంతా చీకటిగా కనబడింది. లూ మొదటి మాటకే ఆ చీకటి గొల్లున నవ్వింది. మోర్టీ చెయ్యి ఇంకా టై దగ్గరికే పోలేదు!

'మరీ ఇంత అతి చెయ్యాలా? దొరికిపోతాం!' పిన్నిని లోలోపలే తిట్టుకున్నాడు.

ఆట ముగియగానే నిర్మాత హాలరన్ పరుగెత్తుకొచ్చాడు.

"ఏం నవ్వించారయ్యా! ఇక ప్రతి ఆదివారం మీరే. సంతకం పెట్టండి."

లూ కలం అందుకోబోయాడు. మోర్టీ లాగేసుకున్నాడు. వారం వారం అంతమంది చుట్టాల్ని, అన్ని టికెట్లని ఎక్కణ్ణించి తేవడం? గుట్టు బయటపడితే టెలివిజన్ సంగతి దేవుడెరుగు, పోలీసులొస్తారు.

"క్షమించండి సార్. మాకు కుదరదు."

"నీకు మతి పోయిందట్రా?" లూ అరిచాడు.

హాలరన్ భుజాలెగరేసి, ఆ కాగితం పక్కనే నిలబడ్డ, కుక్కల చేత ఆటలాడించేవాడికి ఇచ్చేశాడు. లూ టోపీ పెట్టుకుని, వెనక్కి కూడా చూడకుండా వెళ్ళిపోయాడు.

జైలైతే తప్పిందనుకుంటూ మోర్టీ పిన్నికి ఫోన్ చేశాడు.

"పరువు నిలబెట్టావు పిన్నీ. కానీ మరీ అంతలా నవ్వాలా?"

"మా నవ్వు నీకెలా వినబడిందిరా? కింది వాటా గోల్డా టీవీ కొనుక్కుంది కదా, నిన్ను ఎదురుగా ఎప్పుడూ చూసేదే, పెట్టెలో చూద్దామని అందరం ఇక్కడే ఉండిపోయాం... నీ టికెట్లు రైలు స్టేషన్ దగ్గర దారినపోయేవాళ్ళకి పంచేశాను!"