మీ ప్రాంతంలో ఈ ఆట రాదు

"ఇంటిపక్క మైదానమా? అయోవాలో ఉన్న మా డెకోరా నించి షికాగోకి కార్లో ఐదు గంటలు పడుతుంది బాబూ. అది ఇంటిపక్క ఎట్లా అవుతుంది?" అని వెర్నా ఫోన్లో కేబుల్ కంపెనీ కుర్రాణ్ణి నిలదీసింది.

ముందుగదిలో టీవీ నల్లగా ఉంది. మధ్యలో తెల్లటి అక్షరాలు: మీ ప్రాంతంలో ఈ ఆట రాదు. బేస్‌బాల్ మొదలైన దగ్గర్నించీ ఇదే వరస. దేశంలో జరిగే ఆటలన్నీ చూపిస్తామని చందా కట్టించుకున్నారు. తీరా చూస్తే, ఆమె మొగుడు ఆర్లో చిన్నప్పట్నించీ ప్రాణం పెట్టుకున్న షికాగో జట్టు ఆట తప్ప అన్నీ వస్తున్నాయి.

కుర్రాడు ఓపిగ్గానే చెప్పుకొచ్చాడు. ఒక్కో జట్టు చుట్టూ ఇంతమేర సొంత ప్రాంతమని గీత గీసి ఉంటుందట. ఆ గీత లోపల ఆట చూపించే హక్కు అక్కడి చానల్ కొనేసుకుంటుంది. ఇక దేశమంతా చూపించే చందావాళ్ళు ఆ మేరకి తెర దించెయ్యాల్సిందే. ఇంట్లోనే చూపిస్తే జనం మైదానానికి రారన్న భయం కూడా వెనకటినించీ ఉండేదట. ఖర్మకాలి అయోవాని ఒక జట్టు కాదు, ఆరు జట్లు తమ గీతలో కలిపేసుకున్నాయి.

"బాగానే ఉంది. ఆరుగురు మేనమామలు మా పిల్లంటే మా పిల్లని కొట్టుకుంటారు గానీ, ఒక్కడూ అన్నం పెట్టడన్నమాట" అంది వెర్నా.

కుర్రాడు నవ్వాడు. "అయినా ఇప్పుడు మీకా బాధ లేదు కదమ్మా. పోయిన నెల్లో ఆ షికాగో చానల్ మా కేబుల్లోకే వచ్చింది. ఉట్టినే ఇస్తున్నాం. మీవారికి అప్పుడే ఫోన్ చేసి చెప్పాం. అక్కర్లేదన్నారు."

వెర్నా తెల్లబోయింది. అక్కర్లేదన్నాడా? ఆట రోజున పొద్దుట్నించీ కాలుగాలిన పిల్లిలా తిరిగే మనిషి! ఎవరో వచ్చి రిమోట్లో నాలుగు కొత్త మీటలు నేర్పుతారని భయపడి ఉంటాడు, ఇంకేముంది. కలిపెయ్యి బాబూ, ఇప్పుడే కలిపెయ్యమంది. కాస్సేపట్లో వచ్చేస్తుందన్నాడు కుర్రాడు.

ఆట అప్పటికే మొదలైంది. ఆర్లో వంటింట్లో బల్ల దగ్గర కూర్చుని, ఫోన్ పెద్దగా పెట్టుకుని వింటున్నాడు. అవతల అతని అన్న విల్బర్. విల్బర్ ఉండేది ఎక్కడో అరిజోనాలో, టూసాన్‌లో. అంత దూరాన షికాగో గీత అడ్డురాదు. అందుకని ఆట ఉన్నప్పుడల్లా ఆయన చెబుతాడు, తమ్ముడు వింటాడు. అంతగా వినేవాడివి రేడియో పెట్టుకోవచ్చుగా అని వెర్నా అంటే, రేడియోవాడు నన్ను ఒరే అంటాడా అని ఎదురడిగాడు ఆర్లో.

ఆ మాట నిజమే. విల్బర్ చెబుతుంటే వెర్నా చేతిలో పని ఆగిపోతుంది. బంతి విసిరేవాడి కనుబొమ ఎటు ముడిపడిందో, పరిగెత్తినవాడి మోకాలికి ఎంత మట్టి అంటిందో కళ్ళకు కట్టేస్తాడు. ఆయన చెప్పే అంకెలకీ మర్నాడు పేపర్లో వచ్చే అంకెలకీ ఏనాడూ తేడా లేదు. ఆ నోట్లో ఏముందో గానీ, ఎంత విన్నా తనివి తీరదు. మనిషిని మెచ్చుకోకుండా ఎలా ఉంటారు?

"ఏం కొట్టడంరా అది! నీ పాడు మోకాళ్ళేసుకుని నువ్వెళ్ళి నిలబడ్డా అంతకంటే బాగా కొడతావు" అంటున్నాడు విల్బర్. ఆర్లో పగలబడి నవ్వుతున్నాడు.

అంతలో ముందుగదిలో బొమ్మ వచ్చింది. వెర్నా టీవీ నోరు నొక్కేసి, ఆర్లోని ఆశ్చర్యపరుద్దామని గడపలో నిలబడింది. ఇటు తిరిగితే టీవీ, అటు తిరిగితే ఫోను. బంతి విసరడానికి షికాగో జట్టులో పొడుగాటివాడు వచ్చాడు.

"వచ్చాడ్రా మన గడ్డాలవాడు. ఇంకా గీయించుకోలేదు. పిచ్చుకలు గూడు పెట్టేసుకుంటాయి. అదుగో, నిమురుకుంటున్నాడు" అన్నాడు విల్బర్.

టీవీలో అతని మొహం దగ్గరగా చూపించారు. గడ్డం లేదు. నున్నగా, ఉడికించి ఒలిచిన గుడ్డులా ఉంది.

వెర్నా కళ్ళు నులుముకుని మళ్ళీ చూసింది. మనిషి వాడే. చొక్కా మీద పేరూ అదే. ఆమెకి ఒళ్ళు మండిపోయింది. ఇన్నాళ్ళూ చెవులప్పగించి విన్నవన్నీ కోతలేనా? కన్నతండ్రిలా నమ్మిన తమ్ముడికి ఇలాగేనా చెప్పడం? విసవిసా బల్ల దగ్గరికి వెళ్ళింది.

"బావగారూ, ఏ గడ్డం అండీ మీరు…"

మోకాళ్ళ నొప్పులున్న ఆర్లో అంత చురుగ్గా లేవడం ఆమె ఈ మధ్య చూడలేదు. ఫోన్ గుండెకి అదుముకున్నాడు. ముందుగదిలోకి తొంగి చూసి సంగతి గ్రహించాడు. వెళ్ళి టీవీ కట్టేసి వచ్చి, మళ్ళీ ఫోన్ ఎత్తాడు.

"ఏం లేదన్నయ్యా, ఇక్కడ అదే నల్లతెర. వెర్నా కంపెనీవాళ్ళని తిట్టిపోస్తోంది. ఒక్క క్షణం ఉండు."

ఈసారి అరచేత్తో ఫోన్ మూసేశాడు. వెర్నా గొంతు తగ్గించి, అవన్నీ అబద్ధాలని నీకు ముందే తెలుసా అని అడిగింది. తెలుసన్నట్టు తలూపాడు ఆర్లో. అతని కళ్ళు తడిగా ఉన్నాయి.

"అన్నయ్య కూతురు నా చేత ఒట్టేయించుకుని చెప్పింది. క్రిస్మస్ నించీ అన్నయ్యకి చూపు లేదు వెర్నా. రేడియో వింటూ నాకు ఆట చూపిస్తున్నాడు."