చెరిపేసిన మైనస్

"ఏమయ్యో, గేటు కాడ ఎవుడో నిలబడ్డాడు. నిన్నటోడే, మళ్లా వచ్చినాడు!" భార్య సావీ వంటింట్లోంచి కేకేసింది.

గరాజ్‌లో ట్యూషన్ చెప్పే నల్లబల్ల ముందున్న కిస్టెన్ చేతిలో సుద్దముక్క ఆగిపోయింది.

నల్లవాళ్లకి తొలిసారి ఓటు వచ్చిన ఆ ఏడాది, ఎన్నికలు దగ్గరపడేకొద్దీ టోంగాట్‌లో మన ఇండియన్లందరూ ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని బతుకుతున్నారు. కొవ్వొత్తులూ డబ్బా చేపలూ కొని ఇంట్లో దాచుకుంటున్నారు.

అది చాలదన్నట్టు, చెరకు రైలు వంతెన మీంచి ఎవరో విసిరిన రాయి కిందగా వెళ్తున్న కోంబీ టాక్సీ వ్యాను అద్దం పగలగొట్టింది. ముందు సీట్లో కూర్చున్న నల్లజాతి జులూ పిల్ల అక్కడికక్కడే పోయింది.

ఆ సమయానికి వంతెన మీద కనబడింది కిస్టెన్ మేనల్లుడు రివాజ్. పోలీసులు వాణ్ణి పట్టుకుపోయారు.

"నా కొడుకు ఇసర్లేదురా!" అని అక్క వల్లీ గుండెలు బాదుకుంది. వినేవాడెవడు?

ఇక జులూ వాళ్లు ఊరుకోరు, బదులు తీర్చుకుంటారని వీధి వీధంతా అనుకుంటోంది.

కిస్టెన్ గేటు దాకా వెళ్లాడు. పొడుగాటి జులూ మనిషి. కోటు చేతికి నల్లగుడ్డ ముక్క కుట్టి ఉంది. ఏ ముఠా గుర్తో ఏమో!

"లెక్కల టీచర్ మీరేనా? బోర్డు చూసి వచ్చాను," అన్నాడతను ఇంగ్లీషులో.

"ఏం కావాలి?"

"ఒక లెక్క. వంతెన మీంచి రాయి విసిరితే, కింద బండి అద్దం మీద పడడానికి ఎంతసేపు పడుతుంది?"

కిస్టెన్ గేటు గొళ్లెం వేసి ఉందో లేదో చూసుకున్నాడు.

"ఏ వంతెన?"

"చెరకు రైలు వంతెన. తాడు వదిలి కొలిచాను. పది మీటర్లు. రెయిలింగ్ ఛాతీ దాకా ఉంది. దాని మీదుగా వెయ్యాలంటే రాయిని ముందు పైకి విసరాలి."

కొలిచాడట! ఎంత తాపీగా చెప్తున్నాడో చూడు!

"నీకెందుకిదంతా?"

"నా..." అని అతను మాట మార్చేశాడు. "తెలియాలి టీచర్. వచ్చే వారంలోపే తెలియాలి."

"ఆడితో మాటలేంది నీకు? పంపెయ్యి!" కిటికీలోంచి సావీ.

పంపేస్తే ఇంకో మాస్టరు దగ్గరికి పోతాడు. సరైన జవాబు పట్టుకుని, బదులుకి రాయి విసరడానికి వంతెనెక్కుతాడు. ఆ దారినేగా సావీ రోజూ పనికి వెళ్లొచ్చేది!

అదే తప్పు జవాబు ఇచ్చి పంపితే? రాయి బండికి తగలదు. రోడ్డు మీద పడి ఊరుకుంటుంది.

భలే ఆలోచన వచ్చిందే అని కిస్టెన్ తనని తానే మెచ్చుకున్నాడు. "రా లోపలికి," అన్నాడు.

నల్లబల్ల మీద గబగబా రాశాడు. ఎత్తు పది. గురుత్వం పది, పైకి విసిరే వేగం ఐదు అనుకుందాం. అన్నీ ఒకవైపుకి తెచ్చి ఐదుతో భాగిస్తే, టీ స్క్వేర్ మైనస్ టీ మైనస్ రెండు, ఈక్వల్ టు సున్నా.

జవాబులు రెండు. ప్లస్ రెండు, మైనస్ ఒకటి.

పడే కాలం మైనస్‌లో ఉండదు కాబట్టి మైనస్ ఒకటిని కొట్టేసి, రెండు సెకండ్లని చెప్పాలి. ఏటా పిల్లల చెవులు మెలేసి మరీ నేర్పేది అదే.

కిస్టెన్ రెండుని కొట్టేశాడు. ఒకటి ముందున్న మైనస్‌ని బొటనవేలితో చెరిపేశాడు.

"ఒక్క సెకండు."

ఆ మనిషి మొహం వాడిపోయింది.

"ఒకటేనా? రెండు కాదూ? ఇంకోసారి చూడండి టీచర్."

"ఇన్నేళ్లుగా చెప్తున్నాను. నాకే నేర్పుతావా?"

అతను బల్ల మీది అంకెని కాగితం మీద రాసుకున్నాడు. "అయితే నేనే పొరపాటు పడ్డాను," అని టోపీ తీసి దండం పెట్టి వెళ్లిపోయాడు.

"ఏం చెప్పి పంపినావు?" సావీ అడిగింది.

"చెవిలో పువ్వు పెట్టి పంపాను!" అని కిస్టెన్ పకపకా నవ్వాడు.

మరుసటి వారం కోర్టులో రివాజ్ కేసు. కోంబీ నడిపిన డ్రైవర్‌ని సాక్షిగా పిలిచారు.

వచ్చి నిలబడింది ఆ లెక్క అడిగినతనే.

"కుర్రాడి చెయ్యి పైకి లేచింది. ఒక్క సెకండులో రాయి పడింది," అన్నాడు.

"ఇతను విసిరి ఉండడని పోలీసులకి ముందు చెప్పారుగా?" అడిగాడు ప్రభుత్వ వకీలు.

"బండి ఆపమని చెయ్యి ఊపాడేమో, రాయి అప్పటికే గాల్లో ఉందేమో అనుకున్నాను. రాయి పడడానికి రెండు సెకండ్లు పడితే, చెయ్యి లేవకముందే విసిరారన్నమాట, అంటే ఇతను కాదు. టీచర్‌ని అడిగాను. ఒకటేనన్నారు."

"ఆపమనే ఊపినాను!" బోనులోంచి రివాజ్ అరిచాడు.

కిస్టెన్ లేచి నిలబడ్డాడు. "రెండు! రెండు సెకండ్లే! ఆ టీచర్ని నేనే. కావాలనే తప్పు చెప్పాను!"

"నువ్వెవరు?" అన్నాడు మెజిస్ట్రేట్.

"రివాజ్ మేనమామని."

వెనక ఎవరో కిసుక్కున నవ్వారు.

"అప్పుడు ఒకటి. మేనల్లుడు బోనెక్కాక రెండయిందా? కూర్చో."

కిస్టెన్ కూలబడ్డాడు. వల్లీ అతని వంక చూసిన చూపుకి తలెత్తలేకపోయాడు.

రివాజ్ వకీలు నీరసంగా లేచి సాక్షిని అడిగాడు. "ఈ కుర్రాడి కోసం వంతెన కొలిచారు, టీచర్‌ని వెతుక్కుంటూ వెళ్లారు. మీకెందుకంత పట్టింది?"

"పోయిన పిల్ల ఎలాగూ రాదు, దాని పేరు చెప్పి ఇంకొకరి బిడ్డని అన్యాయంగా జైల్లో వేస్తే దాని సమాధి దగ్గర ఏ మొహంతో నిలబడను?" అన్నాడు, కోటు చేతికున్న సంతాపపు నల్లగుడ్డ తడుముకుంటూ, ఆ పిల్ల తండ్రి.