మూడో కాలు

ఆరో చార్జరు కూడా టప్‌మని పేలింది. మూత సందులోంచి పొగ లేచింది. బల్ల మీద వరుసగా వెలుగుతున్న పరీక్షకి తగిలించిన బల్బులు ఒక్కసారిగా ఆరిపోయాయి.

"మళ్లీ నీ టంకమే మావయ్యా," అన్నాడు ఇంజనీరు కళ్లు నులుముకుంటూ.

"అవునురా అల్లుడూ! నీ డిజైను పెళ్లికూతురు, నా టంకం పెళ్లికొచ్చిన దొంగ," అన్నాడు మిస్త్రి.

ఇంజనీరు అతనికి సొంత అక్క కొడుకు. అయినా వారం రోజులుగా ఆ టెస్టింగు గదిలో చుట్టరికం గుమ్మం బయట, చెప్పుల దగ్గరే ఆగిపోతోంది.

అవి సామాన్లు మోసే బ్యాటరీ బళ్లకు చార్జర్లు. లోపల పై స్విచ్చి, కింద స్విచ్చి అని రెండుంటాయి. క్షణానికి వేలసార్లు ఒకదాని తర్వాత ఒకటి కరెంటు వదలాలి. రెండూ ఒకేసారి వదిలాయా, బూడిదే. ఆ రెండింటి మధ్య విరామాన్ని ఇంజనీరు ప్రోగ్రాములో మూడుసార్లు పెంచాడు. మిస్త్రి మూడుసార్లు టంకాలు ఊడదీసి మళ్లీ వేశాడు. పోయిన వారం దాకా నిక్షేపంగా నడిచిన సరుకు, ఇప్పుడు పెట్టినదల్లా పేలుతోంది.

వాసన పట్టుకుని ఓనరు లోపలికొచ్చాడు.

"ఎన్నోది?"

"ఆరోది సార్."

"రేపు సరుకు బయల్దేరాలి. మీరిద్దరూ చూస్తే నేను పట్టిన కుందేటికి మూడే కాళ్లంటారు. సాయంత్రంలోగా తప్పెవరిదో తేలాలి. తేలినవాడు రేపట్నుంచి రానక్కర్లేదు."

"తేలాల్సిందే సార్!" మిస్త్రి గొంతు లేచింది. "ఇరవై రెండేళ్లుగా ఏ పని చేసినా టేపు అంటించి, తేదీ వేసి, పక్కన నా పొడి అక్షరం రాస్తా. చూడండి, ఈ ఆరింటి మీదా ఉంది. దొంగపని చేసేవాడు సంతకం పెడతాడా?"

ఓనరు టేపులు చూడలేదు. ఇంజనీరు ఇచ్చిన కాగితాలే చూశాడు. చదువుకున్నవాడి చేతిలో పేలితే ప్రయోగం, చదువులేనివాడి చేతిలో పేలితే నిర్లక్ష్యం. మిస్త్రికి ఒళ్లు మండిపోయింది. ఏడో చార్జరు తెచ్చి బల్ల మీద దబ్బున పెట్టాడు.

ఇంజనీరు అలవాటుగా స్కోపు వైరు అందుకున్నాడు. లోపలి కరెంటు నడకను తెర మీద గీతలుగా చూపించే పెట్టె అది.

"ఆగు. నీ టీవీ అవతల పెట్టు."

"స్కోపు లేకుండా లోపలేం జరుగుతుందో ఎలా తెలుస్తుంది మావయ్యా?"

"విత్తనం నాటి, రోజూ తవ్వి చూస్తే మొలుస్తుందా? ముట్టుకోకు."

మిస్త్రి స్విచ్చి వేశాడు. బల్బులు వెలిగాయి. ముగ్గురూ వాటినే చూస్తూ నిలబడ్డారు. పావుగంటయింది. అరగంటయింది. గంటయినా బల్బు ఒక్కటీ రెప్ప కొట్టలేదు.

"చూశారా సార్! నరుడి కంటికి నల్లరాళ్లు పగులుతాయని ఊరికే అన్నారా? వీడు స్కోపు తగిలిస్తేనే పేలుతోంది. ఆరుసార్లూ అంతే!"

ఇంజనీరు చేతిలోని స్కోపు వైరు చివర క్లిప్పుని తిప్పి చూశాడు. ఉన్నట్టుండి వంగి బల్ల కింద దూరాడు. స్కోపు కరెంటు వైరు పీకి పట్టుకుని బయటికొచ్చాడు. ప్లగ్గు అతని గుప్పిట్లో ఉంది.

"తప్పు నాదే సార్."

"విన్నారా!" మిస్త్రి తొడ కొట్టినంత పని చేశాడు.

"ఈ క్లిప్పు లోపల్నుంచి ప్లగ్గులోని మూడో కాలికి, అంటే ఎర్తుకి, కలిసి ఉంటుంది సార్. దీన్ని పై స్విచ్చి దగ్గర తగిలిస్తే కరెంటంతా నేరుగా ఎర్తులోకి దూకి స్విచ్చి పేలిపోతుంది. ఆ గొడవ లేకుండా మొదట్లోనే ఆ కాలు విరిచేశాను. విరవకూడదు. దానికి వేరే ప్రోబు, అంటే ఎర్తుతో కలవని కొలత వైరు, అడగాలి. అడగలేదు."

"విరిచేస్తే ఇప్పుడెలా పేలింది?"

"ఇప్పుడు మళ్లీ మూడు కాళ్లున్నాయి."

"ఎవరు పెట్టారు?"

"తెలీదు సార్. నేను విరవకపోతే ఎవరూ పెట్టేవారు కాదు. రేపట్నుంచి నేనే రాను."

అంతటితో ఊరుకుంటే సరిపోయేది. కానీ మిస్త్రికి వారం రోజుల కడుపుమంట ఇంకా చల్లారలేదు.

"తెలీకపోవడమేంట్రా? అడక్కుండా వేలు పెట్టి ఆరు చార్జర్లు తగలేసిన చెయ్యి అది! నా టంకానికి చెడ్డపేరు తెచ్చిన చెయ్యి! సార్, వీడొక్కడే కాదు, ఆ కాలు మళ్లీ పెట్టినవాడు కూడా గేటు దాటాల్సిందే. ఏమంటారు?"

"దాటాల్సిందే," అన్నాడు ఓనరు.

"ఇలా ఇవ్వరా. బిగింపు చూస్తే చాలు, ఎవడి పనో చెప్తా."

"వద్దులే మావయ్యా."

"ఇవ్వమంటుంటే!"

"మావయ్యా, నా మాట విను. వదిలెయ్."

ఇంజనీరు గుప్పిట ఇంకా బిగించాడు. మిస్త్రి మేనల్లుడి వేళ్లను ఒక్కొక్కటే విడదీసి ప్లగ్గు లాక్కుని, ఓనరుకి కనబడేలా వెలుతురులోకి ఎత్తిపట్టాడు.

కొత్త ప్లగ్గు. మూడు కాళ్లూ నిగనిగలాడుతున్నాయి. మెడ దగ్గర నీటుగా అంటించిన తెల్ల టేపు మీద వారం కిందటి తేదీ, దాని పక్కనే తన పొడి అక్షరం.