ఎర్ర రుమాలు దొంగ

“వీడు మళ్ళీ వెనక్కి తిరిగాడు,” అన్నాడు మార్షల్ థాకెట్, పిస్తోలును విసురుగా ఒరలోకి తోస్తూ.

డైరెక్టర్ క్విన్లన్ కొండ అంచుకు వెళ్ళి కిందికి తొంగిచూశాడు. అరవై అడుగుల కింద, మంచు కరిగి ఉరకలేస్తున్న నదిలోంచి లూథర్ బీమన్ తల పైకి తేలింది. అతను ఒడ్డు పట్టుకునేదాకా చూసి అప్పుడు ఊపిరి వదిలాడు.

సినిమాగా తీస్తున్నది మార్షల్ కథే. పంతొమ్మిదేళ్ళ కిందట అరిజోనాలో పోలీసు అధికారిగా ఉన్నప్పుడు, ముఖానికి ఎర్ర రుమాలు కట్టుకుని గుర్రబ్బళ్ళు దోచే దొంగనొకణ్ణి ఆయన ఒంటరిగా తరిమి, ఇలాంటి కొండ అంచునే నిలేశాడు. దొంగ ఎదురుతిరిగి పిస్తోలు తీయబోయాడు. మార్షల్ చెయ్యి అంతకంటే వేగంగా కదిలింది. గుండెల్లో తూటా దిగినవాడు నదిలో పడి కొట్టుకుపోయాడు. శవం దొరకలేదు, వాడి పేరేమిటో కూడా ఎవరికీ తెలియలేదు. ఆ ఒక్క తూటాతో థాకెట్ పేరు మాత్రం దేశమంతా పాకింది. ఇప్పుడు అరవై మూడేళ్ళ వయసులో ఊరూరా తిరిగి ఆ కథే చెప్పుకుంటున్నాడు. తన వేషం తానే వేస్తానన్న షరతు మీద క్విన్లన్‌కు కథ ఇచ్చాడు.

దొంగ వేషం లూథర్‌ది. ఊళ్ళు తిరిగే గుర్రాల ప్రదర్శనలోంచి సినిమాల్లోకి వచ్చి ఆరేళ్ళయింది. దౌడు తీసే గుర్రం మీంచి పడాలన్నా, కదిలే రైలు మీంచి దూకాలన్నా కాలిఫోర్నియాలో అందరూ అతనికే కబురు పెట్టేవారు. ఎందరో హీరోల బదులు అతను పడ్డాడు. చప్పట్లు వాళ్ళకి, కట్లు ఇతనికి. ఆరేళ్ళలో అతని టోపీ, బూట్లు తప్ప ముఖం తెర మీద కనిపించలేదు. ఈ సినిమాలో మొదటిసారి పేరు పడబోతోంది. ఈ వేషం కోసం వారం రోజులు క్విన్లన్ గుమ్మం ముందు నిలబడ్డాడు.

అంత కష్టపడి తెచ్చుకున్నవాడు, వచ్చిన రోజునుంచే దాన్ని పోగొట్టుకునే పనులు చేస్తున్నాడు. మొదటి రోజు థాకెట్ చెయ్యి చాపితే, ఆ చేతివైపు చూసి గుర్రం దగ్గరికి వెళ్ళిపోయాడు. మార్షల్ అప్పట్నుంచీ అతనితో ఒకే బల్ల దగ్గర భోంచేయడం మానేశాడు. సర్కస్‌వాడని, కూలివాడని వినేలా అంటూనే ఉన్నాడు. లూథర్ కాఫీ తాగుతూ వినేవాడు.

తడి బట్టలతో లూథర్ కొండెక్కి వచ్చాడు.

“చెప్పిందేమిటి? చేసిందేమిటి?” అన్నాడు క్విన్లన్. “ఎదురుగా నిలబడి పిస్తోలు తియ్యాలి. తూటా గుండెకి తగలాలి.”

“పిస్తోలు తీసేవాడైతే అంచుదాకా ఎందుకొస్తాడు సార్? దారిలోనే తీసుండేవాడు. అంచుదాకా వచ్చినవాడు అలసిపోయినవాడు.”

“గుర్రం మీంచి పడి పొట్టపోసుకునేవాడివి, నా కథ నాకే నేర్పుతావా?” అన్నాడు థాకెట్.

“మీ కథ రెండుసార్లు విన్నాను మార్షల్. రెండోసారి ఇంకా బాగా పండింది.”

థాకెట్ మీదికి రాబోతే క్విన్లన్ అడ్డుపడ్డాడు. మార్షల్ అక్కడే తేల్చి చెప్పేశాడు. ఇంకొక్కసారి వీడు వీపు తిప్పితే తన పేరు, తన కథ రెండూ వెనక్కి తీసుకుని సాయంత్రం రైలెక్కుతానన్నాడు.

క్విన్లన్ లూథర్‌ను పక్కకి తీసుకెళ్ళాడు. ఆ పేరు లేకపోతే ఈ సినిమా లేదని, ఇంకో గంటలో ఎండ పోతుందని చెప్పాడు. చివరికి గొంతు తగ్గించి, “ఈసారి తిరిగావంటే వేషం పోతుంది. నేనే కాదు, ఇక్కడ నీకు ఇంకెవరూ పనివ్వకుండా చూస్తాను,” అన్నాడు.

లూథర్ కాసేపు నది వైపు చూశాడు. “అర్థమైంది సార్,” అని రుమాలు మళ్ళీ ముఖానికి కట్టుకున్నాడు.

కెమెరా పిడి తిరగడం మొదలైంది. పది అడుగుల దూరంలో థాకెట్ మోత తప్ప దెబ్బ తగలని ఖాళీ తూటాల పిస్తోలు ఎత్తిపట్టి నిలబడ్డాడు. లూథర్ అంచున ఆగి, ఎదురుగా తిరిగి, ఆయన కళ్ళలోకి చూశాడు. క్విన్లన్‌కు ప్రాణం లేచొచ్చింది.

అప్పుడు లూథర్ ఒరలోని పిస్తోలును రెండు వేళ్ళతో తీసి, నేల మీద పడేశాడు. రెండు చేతులూ పైకెత్తాడు. తాపీగా వెనక్కి తిరిగి, అలాగే నిలబడ్డాడు.

థాకెట్ ముఖం కందగడ్డలా అయింది. పిస్తోలు ఖాళీ అయ్యేదాకా పేలుస్తూనే ఉన్నాడు. మొదటి మోతకే లూథర్ ముందుకి వాలి, మాయమయ్యాడు.

కెమెరా ఆపమని కూడా చెప్పకుండా క్విన్లన్ కాలిబాట వెంట కిందికి పరుగెత్తాడు. వయసు మరిచి థాకెట్ అతని వెనకే దిగాడు. వాళ్ళు చేరేసరికి లూథర్ ఒడ్డున రాళ్ళ మీద కూర్చుని దగ్గుతున్నాడు.

“నీ పని అయిపోయింది,” అన్నాడు క్విన్లన్. “రేపట్నుంచి రాకు.”

“సరే సార్.”

ఆ నెమ్మది థాకెట్‌ను మరీ రెచ్చగొట్టింది. “వాడు నా ఎదురుగా నిలబడి చచ్చాడు. పిస్తోలు పట్టుకుని, నా మొహంలో మొహం పెట్టి చచ్చాడు. నువ్వక్కడున్నావా? నువ్వు చూశావా?”

లూథర్ చలికి వణుకుతూ లేచాడు. ముఖం మీది రుమాలు తీసి నీళ్ళలోకి విసిరేశాడు. తడి చొక్కా విప్పి, వాళ్ళిద్దరికీ వెనక్కి తిరిగి, పిండుకోవడం మొదలుపెట్టాడు.

ఇంకేదో అనడానికి అడుగు ముందుకేసిన థాకెట్ కళ్ళు ఆ వీపు మీద పడ్డాయి.

లూథర్ వీపు మీద, ఎడమ భుజం కింద, పాత తూటా మచ్చ ఉంది.