గోడ కనిపించని ఊరు

"ఇదేం ఊరమ్మా, పశువుల దొడ్డిలా ఉంది!" ప్లానర్ కళ్లజోడు పైకి తోసి, బల్ల మీద పరిచిన పటానికి పెన్సిల్ ఆనించాడు. "బయటికి దారేది?"

"ఉండకూడదండీ," అంది డిజైనరు. "మా ఆటలో అందరూ ఈ ఊళ్లోనే తిరగాలి. కిరాణాకొట్టు, మంగలిషాపు, పార్కు, డాక్టరు, అన్నీ లోపలే."

"అలాగైతే గోడ కంటపడకూడదు. ఈ సందు చూడు, తిన్నగా వెళ్లి గోడకి గుద్దుకుంటోంది. మనిషి అక్కడ ఆగాడంటే అనుమానం మొదలైనట్టే. సందుని వంచి మళ్లీ కూడలిలో కలుపు. గోడ పొడవునా కొట్లు కట్టెయ్."

"ఆటే కదండీ అని..."

"ఆటైనా ఊరు ఊరే!"

ఆయన ఎడమ మణికట్టుకి కట్టుంది. కుడిచేతిలో మాత్రం గీత వణకలేదు.

డిజైనరు అసలు సంగతి బయటపెట్టింది. "ఎంత చేసినా ఒకాయన నిలవట్లేదండీ. మొన్న గోడెక్కి దూకేశాడు."

"ఎందుకట?"

"ఆఫీసుకి టైమైపోతోందట."

ప్లానర్ పకపకా నవ్వాడు. నవ్వుతూ నవ్వుతూ ఆగిపోయాడు.

"పాపం, అతని తప్పేముంది? తిండి పెట్టారు, పార్కు పెట్టారు, పని పెట్టలేదు. పొద్దున్నే ఇస్త్రీ చొక్కా తొడుక్కున్నవాడు ఎక్కడికెళ్తాడు చెప్పు?"

"మరేం చెయ్యమంటారు?"

"ఊళ్లోనే ఓ ఆఫీసు కట్టు." కూడలి పక్కన చిన్న గది గీశాడు. "ఉత్తి కుర్చీలో కూర్చోబెడితే ఇట్టే పసిగడతాడు. నిజం పనివ్వాలి. తప్పు కనబడితే తిట్టనివ్వాలి."

"ఇస్తామండీ." డిజైనరు పటం చుట్టి చంకలో పెట్టుకుంది.

"రేపు అన్నీ సరిదిద్ది పట్టుకురా. మళ్లీ తప్పులుంటే ఊరుకోను."

"తప్పకుండా తెస్తాను."

గుమ్మం దాకా సాగనంపుతూ ఆయన నిన్నటి ప్రశ్నే మళ్లీ కొత్తగా అడిగాడు. "ఇన్ని మాటలన్నా మొహం చిన్నబుచ్చుకోలేదు. మంచి పెంపకమమ్మా! మీ నాన్నగారేం చేస్తారు?"

"ఊళ్లకి ప్లాన్లు గీస్తారండీ."

"అరె, మావాడే! ఎక్కడుంటారు?"

"ఇక్కడే," అంది కూతురు.