ముక్కు తెల్లబడింది

ఈ దక్షిణ ధ్రువంలో ఎవరి ముక్కు గడ్డకడుతోందో వాళ్లకి తెలీదు. ఎదుటివాళ్లే చూసి చెప్పాలి. అందుకే ఇదివరకు మంచు తవ్వే పనికి జంటల్నే పంపేవారు. పదకొండేళ్లు నేనూ మావా ఒకరి మొహం ఒకరం చూసుకుంటూ తవ్వాం.

"మావా, ముక్కు తెల్లబడింది, ఆగు" అనేదాన్ని. ఎక్కడున్నవాడు అక్కడే ఆగేవాడు. నేను వెళ్లి, చేతితొడుగు తీసి, వెచ్చటి అరచెయ్యి ముక్కు మీద పెట్టేదాన్ని. వేడెక్కాక కూడా "ఇంకాసేపు ఉంచవే" అనేవాడు, దొంగ.

కిందటేడు మాట్లాడే ముసుగులొచ్చాయి. ముక్కు సంగతి అవే కనిపెట్టి చెబుతాయట. ఇంకెందుకు ఇద్దరూ అని నన్ను వంటశాలకి తోలేశారు. ఇంట్లోవాళ్ల గొంతయితే మగాళ్లు వింటారని, ముసుగులో పెట్టడానికి నా మాట రికార్డు చేసుకున్నారు. "వెంటనే లోపలికి రా" అని చెప్పమన్నారు. నేను అలవాటు కొద్దీ మావతో ఎప్పుడూ అనే మాటే అనేశాను. రికార్డు చేసినవాడికి తెలుగు రాదు. బాగుందన్నాడు.

నిన్న మంచుగాలి లేచింది. అందరూ వచ్చేశారు, మావ రాలేదు. వెతికి తెచ్చిన అప్పలనాయుడు నా మొహం చూడలేకపోయాడు.

"తలుపుకి పాతిక అడుగుల్లోనే ఉన్నాడొదినా. ముసుగులో నీ గొంతు ఇంకా మోగుతానే ఉంది."

"పడిపోయాడా?"

"లేదు. గునపానికి ఆనుకుని నిలబడే ఉన్నాడు. మొహం కిందికి వంచి."

నేను పొట్టిదాన్ని. నా చెయ్యి అందాలని మావ ఎప్పుడూ అలాగే వంగేవాడు.